రాజుగారి రాగం

మొదటి పదాన్ని కాస్త సాగదీస్తే ఎవరూ పోల్చుకోలేరేమో. రెండో పదాన్ని కూడా సాగదీస్తే? మూడోదాన్ని గొంతులోనే మింగేస్తే? అప్పుడది పాటలా ఉండదు, అమ్మ పాట అసలే కాదు, అనుకున్నాడు గాబ్రియేలు, ముందు పోతున్న శవపేటిక మీదినుంచి చూపు తిప్పకుండా. నలుగురు మోస్తున్నారు. దానిలో అతని తల్లి జీవమ్మ ఎంత తేలిగ్గా ఉందో వాళ్ళ నడక చూస్తేనే తెలుస్తోంది.

కోయిలకుంట్ల దారి దాటి నల్లరేగడి చేలలోకి దిగారు. జొన్న కోసిన మోళ్ళు కాళ్ళకు గుచ్చుకుంటున్నాయి. సమాధుల దొడ్డి ఇంకో రెండు చేల అవతల ఉంది. అక్కడికి చేరేలోగా ఏ పాట ఎత్తుకోవాలో తేల్చుకోవాలి.

వాళ్ళ క్రైస్తవ సంఘంలో ఒక పద్ధతి ఉంది. పేటికను మోకుల మీద గుంతపైన ఆపి పట్టుకుంటారు. పాట మొదటి చరణం ఎవరో ఒకరు ఎత్తుకున్న తర్వాతే మోకులు వదులుతారు. మాట లేకుండా మనిషిని మన్నులో దించరు. ఇరవై ఏళ్ళుగా ఎత్తుకునేది గాబ్రియేలే. ఊళ్ళో మిషన్ బడి పంతులు, హార్మోనియం వచ్చినవాడు. వేరే గొంతు ఎత్తుకుంటే జనం అందుకోరు.

"ఎండిన నా నేల తడుపు నా ప్రభూ" అన్నది జీవమ్మ పాట. వానలు తప్పిన ఏడల్లా గుడిలో అదే. వేరుశనక్కాయలు పీకేటప్పుడూ అదే. మొన్న మంచంలో కూడా కొడుకు చెయ్యి పట్టుకుని, "నన్ను దించేటప్పుడు అదే ఎత్తుకో నాయినా. మన సంఘపెద్ద ఏసన్నకు ఇయ్యొద్దు, వాడు గొర్రె మాదిరి ఎత్తుతాడు" అంది. చెప్పి నవ్వింది కూడా.

ఆ పాట రాగమే ఇంగ్లీషు రాజుగారి పాట రాగం, తెల్లవాళ్ళ జాతీయగీతానిది.

ఎవరు ఎవరి దగ్గర తీసుకున్నారో ఎవరికీ తెలియదు. నంద్యాల ట్రైనింగు బడిలో సంగీతం చెప్పిన ముసలి దొర ఒకసారి అన్నాడు, దీన్ని కట్టినవాడి పేరు ఎంత వెతికినా దొరకలేదని. జర్మనీ వాళ్ళు తమ రాజు కోసం దీన్నే పాడుకున్నారట. ఇంగ్లీషు రాజును తరిమేసిన అమెరికావాళ్ళు రాజును వదిలేసి రాగాన్ని మాత్రం దాచుకున్నారట. గుళ్ళలో అయితే లెక్కే లేదు. ఇప్పుడు రోజూ ప్రొద్దున బడిపిల్లల చేత పాడించే మన జాతీయగీతం కూడా మొదటి రోజుల్లో కలకత్తాలో ప్రార్థనసభలో పాడారని గాబ్రియేలు ఎక్కడో చదివాడు. ఈ సంగతులన్నీ వరసగా పెట్టి రంగన్నకు చెప్పాలని ఎన్నిసార్లో అనుకున్నాడు. చెప్పలేదు. అవన్నీ నిజాలే. కానీ చెబితే వాటి చాటున దాక్కోవడానికేనని తనకు తెలుసు.

రంగన్న పంచాయతీ ప్రెసిడెంటు. రెండు వారాల కిందట గుడి బయట సైకిలు ఆపి, అందరూ వింటుండగా అన్నాడు: "ఏమప్పా పంతులూ, మీ దొర ఇంగా పడవెక్కలేదా? కర్నూలు మనకు రాజధాని అయ్యి నాలుగు నెల్లాయ. నువ్వేమో ఇంగా రాజుగారి పాటే పాడిస్తాండావు. ఇంగొకసారి నా చెవిన పడితే జిల్లా బోర్డుకు అర్జీ పెడతా. నీ కొలువు ఎట్ల నిలుస్తాదో చూస్తా."

మిషన్ బడి బోర్డు కిందికి పోబోతోంది. ఎవరిని ఉంచాలి, ఎవరిని పంపాలి అన్న జాబితా ఇంకా తేలలేదు. తర్వాతి ఆదివారం గాబ్రియేలు అవే మాటలకు ఒక కీర్తన రాగం తగిలించి పాడించాడు. ఆడవాళ్ళు రెండు పాదాలు వెంటవచ్చి ఆగిపోయారు. ఇంటికొచ్చాక జీవమ్మ మంచంలోనుంచే అడిగి, పాడించుకుని విని, "మామ చొక్కా పిల్లోనికి తొడిగినట్లుండాది నాయినా. చేతులు యాడుండాయో కనపడల్యా" అంది.

కొలువు పోతే ఏమవుతుందో గాబ్రియేలు ఎన్నోసార్లు ఊహించుకున్నాడు. భార్య ఏసుమణి కూలికి పోతుంది. తనూ పోతాడు. ఆ ఊహ భయపెడుతుంది గానీ వణికించదు. వణికించేది వేరే ఉంది. దాని దాకా పోయి మనసు ప్రతిసారీ పక్కదారి పట్టేది. ఈరోజు చేను గట్టు మీద అడుగు జారి, నిలదొక్కుకునే లోపల, అది ఎదురుగా వచ్చి నిలబడింది.

నలభై రెండులో బడి ముందర యుద్ధ చందా సభ. తహసీల్దారు వచ్చాడు. చివర రాజుగారి పాట. గాబ్రియేలు హార్మోనియం ముందు కూర్చున్నాడు. అందరూ లేచారు. ఇరవయ్యేళ్ళ రంగన్న లేవలేదు. పోలీసు జవాను గల్లా పట్టి లేపి చెంప మీద కొట్టాడు. రంగన్న బోర్లాపడ్డాడు. పెదవి పగిలింది. ఆరు నెలలు జైలు. అంతసేపూ గాబ్రియేలు ఎడమచెయ్యి తిత్తి నొక్కుతూనే ఉంది, కుడిచేతి వేళ్ళు హార్మోనియం మెట్ల మీద నడుస్తూనే ఉన్నాయి. ఒక్క స్వరం తప్పలేదు. పాట ముగిసేదాకా వాయించాడు. తర్వాత అడిగినవాళ్ళందరికీ, "తల వంచుకొని ఉంటిని, నేను చూడలేదు" అని చెప్పాడు. పన్నెండేళ్ళుగా అదే చెబుతున్నాడు. జీవమ్మ మాత్రం ఆ మాట విన్నప్పుడల్లా ఏదో పని కల్పించుకుని లేచిపోయేది.

పాడితే రంగన్నను మళ్ళీ కొట్టినట్టు. పాడకపోతే, ఎవరు ఎదురుగా నిలబడితే వాళ్ళకు తగ్గట్టు కదిలే ఆ వేళ్ళే ఇంకా తనవి.

గుంత దగ్గరికి వచ్చారు. నాపరాళ్ళు ఒక పక్క పేర్చి ఉన్నాయి. వాటి పక్కన తెల్లచొక్కాతో రంగన్న. జీవమ్మ ఊరికి మంత్రసాని. ఆమె చేతిలో పడినవాడే రంగన్న కూడా. రాకుండా ఉండడు.

ప్రార్థన అయింది. పేటిక మోకుల మీదికి ఎక్కింది. ఆరుగురు మనుషులు మడమలు మన్నులో గుచ్చి పట్టుకున్నారు. సంఘపెద్ద ఏసన్న పుస్తకం తెరిచి దగ్గరికొచ్చాడు.

"నెంబరు చెప్పు గాబ్రియేలూ. ఎవురికీ తగాదా లేని పాట ఏదన్నా చెప్పు. నూట పన్నెండు బాగుంటాది."

మోకులు కిర్రుమన్నాయి. పట్టుకున్నవాళ్ళలో ఒకడి మోచెయ్యి వణకడం మొదలుపెట్టింది.

"బావా, బిరీన ఎత్తుకో," అన్నాడు అతను పళ్ళ బిగువున.

గాబ్రియేలు గుంత చుట్టూ తిరిగి రంగన్న ఎదుట నిలబడ్డాడు.

"రంగన్నా, ఆ పొద్దు నిన్ను కొట్టింది నేను చూసినా. నువ్వు పడింది చూసినా. చూసి కూడా ఆపకుండా వాయించినా."

రంగన్న తలెత్తి అతన్ని చూశాడు.

"ఇప్పుడా చెప్పేది?"

"ఇప్పుడే నోరొచ్చింది. మాయమ్మకు అదే రాగం ఎత్తుకుంటా. నువ్వుంటావో పోతావో నీ ఇష్టం."

"నాకు తెలీదనుకున్యావా? పడినోడు కింద నుంచి చూస్తాడప్పా. నీ కండ్లు నా మీదనే ఉన్యాయి." రంగన్న గుంత వైపు చూశాడు. "అర్జీ అర్జీనే. అది ఆపను. మోకులు పట్టినోళ్ళ చేతులు పోతాండాయి. పాడేదుంటే పాడు."

అతను కదల్లేదు. పోలేదు, దగ్గరికీ రాలేదు.

ఏసన్న ఇంకా నూట పన్నెండు దగ్గరే వేలు పెట్టి ఉన్నాడు. గాబ్రియేలు ఆ పుస్తకం మూసి, ఊపిరి పీల్చుకుని, రంగన్న కళ్ళలోకి చూస్తూనే, ఏ పదమూ సాగదీయకుండా, "ఎండిన నా నేల" అని ఎత్తుకున్నాడు.