చీటీ లేని జగ్గు

డిపోలో ఏ బస్సు ఎవరు నడపాలో తేల్చే మనిషికి ఇంట్లో కూడా అదే పని అంటగట్టడం ఆ కుటుంబానికి అలవాటు. ఇంట్లో అందరూ ఆమెను కంట్రోలరనే పిలుస్తారు. తండ్రి ముద్దుగా పిలుస్తాడు, అన్న వెటకారంగా పిలుస్తాడు, పని మాత్రం ఇద్దరూ ఒకేలా చెబుతారు. అందుకే చెల్లెలి పెళ్ళికి మాట్లాడుకున్న హాలువాళ్ళు, మందు మా పూచీ కాదు, మీరే తెచ్చుకుని మీరే పోసుకోండని చెప్పగానే అందరి తలలూ ఆమె వైపు తిరిగాయి.

కొనడానికి ఆమెకు అభ్యంతరం లేదు. పొయ్యడానికే ఉంది. అన్న పెళ్ళిలో ఆమె వంటగదిలో రొట్టెలు కోస్తూ ఉండిపోయింది. ఆ ఫొటోలన్నిటిలో ఆమె కనబడేది ఒక్కదాంట్లో, అదీ మోచెయ్యి మాత్రమే. తలుపు పక్కనుంచి పొడుచుకొచ్చిన మోచెయ్యి, దాని చివర ఒక ట్రే. అది చూసి ఇంటిల్లిపాదీ పడీపడీ నవ్వారు. ఆమె కూడా నవ్వింది గానీ లోపల కడుపు రగిలిపోయింది. ఈసారి చెల్లెలు ముందే మాట తీసుకుంది.

"నేను పెళ్ళి రిజిస్టర్లో సంతకం పెట్టేటప్పుడు నువ్వు నా పక్కనే ఉండాలక్కా. సీసాల వెనకాల కనబడ్డావో, పెన్ను అక్కడే పడేసి వచ్చేస్తా."

నవ్వుతూనే అంది గానీ, బడికి వెళ్ళనని గుమ్మం పట్టుకుని వేలాడిన పిల్ల మొండితనం ఆ గొంతులో ఇంకా అలాగే ఉంది. కంట్రోలరు సరేనంది.

అక్కణ్ణుంచి మొదలైంది నస. మందు చవగ్గా ఉండాలి, చవకదని మాత్రం ఎవరికీ తెలియకూడదని తండ్రి షరతు పెట్టాడు. అన్న ఫోనులో ఏవో వీడియోలు చూసి, రంగురంగుల కాక్‌టెయిళ్ళు పెడదామన్నాడు. ఒక్కో గ్లాసు విడిగా కలపాలి, డబ్బాలో పోసి గిలకొట్టాలి, అంచుకు నిమ్మచెక్క తగిలించాలి. అవన్నీ ఎవరు చేస్తారని అడిగితే, నువ్వున్నావుగా అన్నాడు తల ఎత్తకుండానే. ఇక బాబాయి. ఆయన ఫ్రిజ్‌లు బాగుచేసే మెకానిక్కు. ఎప్పుడో ఒక పెద్ద హోటల్లో చల్లగది రిపేరుకు వెళ్ళినప్పుడు వాళ్ళు ఏదో ఖరీదైన వైను రుచి చూపించారు. ఆనాటినుంచి వైను గురించి ఆయన ముందు ఎవరూ నోరెత్తడానికి లేదు. ఎర్రదానికొక గ్లాసు, తెల్లదానికొక గ్లాసు, దేని చల్లదనం దానిదేనని పట్టుబట్టాడు. ఒక్కో రకం పెరిగినకొద్దీ బల్ల వెనకాల పని పెరుగుతుంది. ఆ పని ఎవరి నెత్తిన పడుతుందో వేరే చెప్పాలా?

కంట్రోలరు వైను కొట్టుకు వెళ్ళి, చవగ్గా ఉండాలి, తాగినవాళ్ళు తిట్టుకోకూడదు, అలాంటిది ఒకటి ఇవ్వమని అడిగింది. అలాంటిది ఉంటే నా పెళ్ళిలోనే పెట్టుకునేవాణ్ణి కదమ్మా అన్నాడు కొట్టతను. చివరికి ఉన్నవాటిలో చవకవి ఏరి, రెండు ఎర్రవి, రెండు తెల్లవి చేతిలో పెట్టాడు. ఆమె ఒక నిర్ణయానికి వచ్చింది. అందరూ రుచి చూడాలి, ఒక్కటంటే ఒక్కటే ఎంచాలి. ఒకే వైను, ఒకే రకం గ్లాసు. వచ్చినవాళ్ళే పోసుకుంటారు, తను చెల్లెలి పక్కన నిలబడుతుంది.

ఆదివారం మధ్యాహ్నం సీసాలకు పాత పేపర్లు చుట్టి, మెడలకు నంబరు చీటీలు కట్టి బల్ల మీద పెట్టింది. పొయ్యడం పిన్నికి అప్పజెప్పింది. పిన్ని ఆస్పత్రి క్యాంటీన్లో వంట చేస్తుంది, చుక్క ముట్టదు, కాబట్టి ఏ సీసా మీదా పక్షపాతం ఉండదు. బాబాయి గ్లాసును తిప్పి, వాసన చూసి, పుక్కిలించి, కళ్ళు మూసుకుని, ఒకటో నంబరు పులుపన్నాడు. రెండోది మందులషాపు వాసనట. బాబాయికి నచ్చనిదల్లా అన్నకు నచ్చింది. తండ్రి ముందు ధర అడిగి, చెప్పకపోయేసరికి ఏ సీసానూ మెచ్చుకోనని మొహం గంటు పెట్టుకున్నాడు. తలా ఒక గుక్క తాగి మిగిలింది వదిలేశారు. డ్రైవర్లందరూ ఒకే రోజు సెలవు అడిగినప్పుడు కూడా కంట్రోలరుకు ఇంత తలనొప్పి రాలేదు.

"ఏదో ఒకటి చెప్పండి. ఏదైనా సరే," అంది.

"ఒక్కటెందుకే? నాలుగూ పెట్టు," అన్నాడు బాబాయి. "ఎవరికేది కావాలో నువ్వు చూసుకుని పోస్తావుగా."

ఆమెకు అరికాలి మంట నెత్తికెక్కింది. ఇంకొక్క క్షణం ఉంటే పెద్దా చిన్నా చూడకుండా అనేస్తానని వరండాలోకి వెళ్ళిపోయి, తీగ మీద ఆరిపోయిన బట్టలన్నీ కసిగా లాగి మడతపెట్టింది.

తిరిగొచ్చేసరికి గదిలో గొడవ లేదు. ముగ్గురూ బుద్ధిగా తాగుతున్నారు. బల్ల మీద ఒక గాజు జగ్గు ఉంది.

"వైనంటే ఇదీ," అన్నాడు బాబాయి. "ఎండ బాగా తగిలిన పండు. దీన్ని ఇంతసేపు ఎందుకు దాచావ్?"

అన్న తలూపాడు. బాబాయి మాటకు అన్న తలూపడం ఆ ఇంట్లో ఎవరూ చూసి ఎరగరు. తండ్రి ధర అడక్కుండా రెండోసారి పోసుకుంటున్నాడు. కంట్రోలరు జగ్గు చుట్టూ వెతికింది. చీటీ లేదు. నాలుగు సీసాలూ పేపర్లు కప్పుకుని ఉన్నచోటే ఉన్నాయి.

"ఇదేంటి పిన్నీ?"

పిన్ని కొంగుకు చేతులు తుడుచుకుంది. "మీరు గ్లాసుల్లో వదిలేసిందేనే. పారబొయ్యడానికి చేతులు రాలేదు. ఫ్రిజ్‌లో కమలారసం మిగిలుంటే అదీ పోసి, కాస్త పంచదారా ఐసూ వేశాను. మీ ఎంగిలి మీకే పెట్టాను, తప్పేముంది?"

బాబాయి నోట్లోది మింగలేక కక్కలేక అలాగే కూర్చున్నాడు. తండ్రి గ్లాసు కింద పెట్టి, కాసేపు ఆలోచించి, మనవాళ్ళదేగా అని మళ్ళీ తీసుకున్నాడు.

కంట్రోలరుకు నవ్వాగలేదు. ఎన్నాళ్ళుగానో తను వెతుకుతున్నది ఎదురుగా కనబడింది. అన్నిటికంటే చవకైన ఎరుపూ, చవకైన తెలుపూ, పళ్ళరసం. ఒక పెద్ద గిన్నె, ఒక గరిటె. బల్ల వెనకాల మనిషితో పనిలేదు. కొట్టతనికి చెబితే, దాన్ని పంచ్ అంటారమ్మా, కొత్తదేం కాదన్నాడు. బాబాయి మాత్రం ఆ ఆలోచన తనదేనని బంధువులందరికీ ఫోన్లు చేసి చెప్పుకున్నాడు. చెప్పుకోనీ అని ఊరుకుంది.

పెళ్ళిరోజు పిన్ని క్యాంటీను నుంచి పెద్ద స్టీలు గిన్నె తెచ్చి, అందరికంటే ముందే వచ్చి కలిపి పెట్టింది, ఈసారి ఎవరి ఎంగిలీ లేకుండా. తీరా జనం వచ్చాక ఎవరూ గరిటె ముట్టుకోలేదు. మొహమాటం. ఖాళీ గ్లాసులు పట్టుకుని, ఎవరో వచ్చి పోస్తారన్నట్టు వరసలో నిలబడ్డారు. చెల్లెలి పక్కనున్న కంట్రోలరు అది చూసింది. పాడు అలవాటు, కాళ్ళు అటే కదిలాయి. చెల్లెలు ఆమె మణికట్టు గట్టిగా పట్టుకుంది. ఈలోపు పిన్ని వెళ్ళి గరిటె అందుకుంది.

చెల్లెలు సంతకం పెట్టింది. చివర పెట్టిన చుక్కతో సహా కంట్రోలరు చూసింది, ఏడ్చింది కూడా. తర్వాత ఫొటోగ్రాఫరు ఇంట్లోవాళ్ళందరినీ పిలిచి నిలబెట్టి, ఎలా వస్తుందో చూడమని ఒకటి తీసి కెమెరాలో చూపించాడు. అందరూ ఉన్నారు. ఈ చివర పూలకుండీ పక్కనుంచి ఒక మోచెయ్యి, దాని చివర గరిటె.

కంట్రోలరుకు ఒళ్ళు మండిపోయింది.

"పిన్నీ, అది వదిలేసి రా."

పిన్ని వరసను చూపించి, ఇదిగో వీళ్ళకు పోసేసి వస్తానంది. అప్పుడు కంట్రోలరు డిపో గొంతు తీసింది.

"ఎవరిది వాళ్ళు పోసుకోండి. అందరికీ చేతులున్నాయిగా."

పిన్ని గబగబా వచ్చి ఒక చివర ఒదిగి నిలబడబోతే, రెక్క పట్టుకుని లాక్కొచ్చి చెల్లెలికీ తనకూ మధ్యన నిలబెట్టింది. కంగారులో పిన్ని గరిటె చేత్తోనే పట్టుకొచ్చేసింది. అటు జనం కాసేపు గిన్నెలోకి తొంగిచూసి, గరిటె లేదని గ్రహించి, గ్లాసులే ముంచుకోవడం మొదలుపెట్టారు.

తండ్రి మెడ తిప్పి చూసి గాభరాపడ్డాడు. "కంట్రోలరూ, వాళ్ళు తాగిన గ్లాసులే ముంచేస్తున్నారే. వెళ్ళి చూడు."

"చూడను నాన్నా," అని ఆమె కెమెరా వైపు తిరిగింది.