గంట వెంట వచ్చిన పిట్టలు

మా రేవులో అందరూ నన్ను ఎదురుగా టికెట్లక్క అంటారు, వెనకాల చిటపటలమ్మ అంటారు. నాకు తెలియదనుకుంటారు పాపం. ముక్కుమీద కోపం నాకు పుట్టుకతోనే వచ్చింది, ఏం చేయమంటారు? మా అన్నయ్య అలా కాదు. జనాన్ని ఈ ఒడ్డు నుంచి ఆ ఒడ్డుకు దాటించే బోటుకు ఆయన సరంగు, అంటే చుక్కాని పట్టి నడిపేవాడు. రోజు మొత్తం మీద నాలుగు మాటలు మాట్లాడితే గొప్ప. ఆయన వాటా మాటలు కూడా నేనే మాట్లాడేస్తానని జనం నవ్వుతారు. నవ్వనివ్వండి.

మా బోటు అరగంటకోసారి కదులుతుంది. కదిలే ముందు అన్నయ్య ఇత్తడి గంట మూడుసార్లు కొడతాడు. మొదటి గంటకు ఒడ్డుమీద జనం తలెత్తుతారు, రెండో గంటకు నడుస్తారు, మూడో గంటకు పరుగెత్తుతారు. ఇరవై రెండేళ్ళలో మూడో గంట మోగకుండా మా బోటు ఒక్కసారి కూడా కదల్లేదు.

ఆ ఏడు మా బోటు పైకప్పు కింద, దూలం మూలలో ఒక పిట్టల జంట బురద ముద్దలు తెచ్చి గూడు కట్టింది. నల్లటి వీపు, కత్తెరలా చీలిన తోక. వీటిని వానకోయిలలంటారు. గూడు ఎక్కడనుకున్నారు? సరిగ్గా నేను కూర్చునే బల్లకు పైన! రోజుకు ఆరుసార్లు రెట్ట తుడవలేక నాకు ఒళ్ళు మండిపోయేది.

“కర్ర పెట్టి తోసేస్తా అన్నయ్యా! ఇంత లోకంలో వీటికి ఇంకెక్కడా చోటు దొరకలేదా?”

“ఉండనీ” అన్నాడు. ఆ పూటకు ఆయన మాటలు అయిపోయాయి.

గూట్లో నాలుగు పిల్లలు పుట్టాయి. అప్పుడు మొదలైంది అసలు వింత. గూడేమో నీటిమీద అటూ ఇటూ తిరుగుతుంది. తల్లీ తండ్రీ పురుగుల కోసం ఒడ్డుమీది గడ్డిలో తిరుగుతాయి. ఇంతలో ఇల్లే కదిలి వెళ్ళిపోతే ఏం కావాలి? నాలుగు రోజుల్లో నేర్చేసుకున్నాయండీ! మూడో గంట మోగగానే ఎక్కడున్నా రివ్వున వచ్చి బోటు కమ్మీమీద వాలేవి. జనంతో పాటు నది దాటేవి, అవతలి ఒడ్డున మేత పట్టేవి, మళ్ళీ గంటకు తిరిగొచ్చేవి. రోజూ దాటే ఒక తాతగారు “ఏమ్మా, పిట్టలకి ఫుల్ టికెట్టా, హాఫ్ టికెట్టా?” అని నన్ను ఏడిపించేవాడు. నేను మూతి ముడుచుకునేదాన్ని గానీ, ఎవరూ చూడకుండా గూటి కింద ఒక అట్టముక్క కట్టాను. రెట్ట పడకుండా అని చెప్పాను. నిజానికి, పిల్ల జారితే నీళ్ళలో పడకుండా.

పిల్లలకు రెక్కలు రాకముందే బోటు ఇంజను ఇరుసు అరిగిపోయింది. మరమ్మతు షెడ్డుకు పంపక తప్పలేదు. షెడ్డు ఎగువన ఉంది, ఒడ్డు వెంట అరగంట నడక. అన్నయ్య మెకానిక్‌తో “పైకప్పు ముట్టుకోకయ్యా” అని రెండుసార్లు చెప్పాడు. పిట్టలు పైనుంచి చూస్తాయి కదా, అంత పెద్ద బోటును కనిపెట్టలేవా అని ఇద్దరం ధీమాగా ఉన్నాం.

పొద్దున్నే, పిట్టలు మేతకు వెళ్ళినప్పుడు, మా బోటును షెడ్డుకు లాక్కెళ్ళారు. బదులుగా ఒక పాత బోటు వచ్చింది. మా దగ్గర ఒక పద్ధతి ఉంది. గంట బోటుది కాదు, రేవుది. ఏ బోటు తిరిగితే గంట ఆ బోటుకు మారాలి. నా చేతులతో నేనే గంట విప్పి పాత బోటుకు బిగించాను.

మూడో గంట మోగింది. పిట్టలు ముక్కునిండా పురుగులతో వచ్చి పాత బోటు పైకప్పు కిందికి దూరాయి. మూల మూలా వెతికాయి. బయటికొచ్చి బోటు చుట్టూ తిరిగి, మళ్ళీ దూరాయి. ‘కాసేపట్లో అవే సర్దుకుంటాయిలే’ అనుకుని టికెట్లు చింపుతూ కూర్చున్నాను. అవి ఎగువకు ఎగిరిపోయేవి, గంట మోగగానే మళ్ళీ వచ్చేవి. మధ్యాహ్నమైంది. తల్లిపిట్ట నా ఎదురుగా కమ్మీమీద వాలింది. దాని ముక్కున ఇంకా పురుగు ఉంది. పెట్టడానికి నోరు దొరకలేదు.

అప్పుడు వెలిగింది నా మట్టిబుర్రకు. అవి తమ దారిన ఎగువకు పోయి వెతుక్కుంటుంటే, ప్రతి అరగంటకూ మేమే పిలిచి తప్పుడు ఇంటికి లాక్కొస్తున్నాం.

స్పానర్ తీసి గంట విప్పడం మొదలుపెట్టాను.

“ఏం చేస్తున్నావే?” అన్నాడు అన్నయ్య.

“పిల్లలు పొద్దుట్నుంచీ పస్తున్నాయి అన్నయ్యా! గంట షెడ్డుకి తీసుకెళ్తున్నా.”

“గంట లేకుండా బోటు కదలకూడదు.”

“అయితే కదలనీకు! జనం తిట్టుకుంటే నన్నే తిట్టుకోనీ. నేనే మార్చాను దీన్ని, నేనే! ఆ పాపం నాకొద్దు!”

అన్నయ్య పిట్ట వంక చూశాడు, ఒడ్డున కాచుకున్న జనం వంక చూశాడు. “పో. నేను కేకేస్తాలే” అన్నాడు.

మా అన్నయ్య! కేక!

గంట చేత పట్టుకుని ఒడ్డు దారి పట్టాను. పది అడుగులకోసారి మూడుసార్లు కొట్టడం, మళ్ళీ నడవడం. దారిలో బట్టలుతికేవాళ్ళు “టికెట్లక్కకి మతి పోయిందే” అన్నారు. ఇంకో రోజైతే వాళ్ళ సంగతి తేల్చేదాన్ని. పిట్టలు నా తలమీదుగా తిరుగుతూ ఒకసారి వెనక్కి పోయాయి. “రండమ్మా, మీ ఇంటికేనే, నా తల్లుల్లారా” అని ఏడుపుగొంతుతో పిలుస్తూ ఇంకా గట్టిగా కొట్టాను. వచ్చాయి.

షెడ్డులో మెకానిక్ సుత్తి ఆపి “ఇందాకటిదాకా అరిచాయమ్మా, ఇప్పుడు చప్పుడు లేదు” అన్నాడు. బల్ల ఎక్కి చూశాను. నాలుగు తలలూ గూటి అంచున వేలాడుతున్నాయి. గంట కొట్టాను. తల్లి లోపలికి దూసుకొచ్చింది. దాని గొంతు వినగానే మూడు నోళ్ళు తెరుచుకున్నాయి. నాలుగోది తెరవలేదు.

తల్లి వెళ్ళింది, వచ్చింది. తండ్రి వెళ్ళింది, వచ్చింది. వచ్చిన ప్రతిసారీ నాలుగో పిల్ల మూతిమీద ముక్కుతో తట్టి చూసేవి. మెకానిక్ పని మానేసి నా పక్కన నిలబడ్డాడు. ఎనిమిదోసారో తొమ్మిదోసారో, ఆ పసుపుపచ్చటి నోరు కాస్తంత, గోరంత తెరుచుకుంది. తల్లి పురుగును లోపలికి తోసింది. నేను బావురుమన్నాను. సిగ్గేం లేదు, చెప్తున్నాను.

గంటను అక్కడే వదిలేశాను. వాటికి దారి అలవాటయ్యేదాకా అరగంటకోసారి కొడతానని మెకానిక్ మాటిచ్చాడు.

నేను రేవుకు తిరిగొచ్చేసరికి చివరి ట్రిప్పు జనం దిగుతున్నారు. “మీ అన్నయ్య కేకలు అవతలి ఒడ్డుకి వినబడ్డాయమ్మా! నోట్లో నాలుక లేనివాడనుకున్నామే!” అని తాతగారు నవ్వుతూ వెళ్ళిపోయాడు. అన్నయ్య నన్ను చూసి ఏదో అడగబోయాడు. గొంతు రాలేదు. పూర్తిగా పోయింది. చెయ్యెత్తి నాలుగు వేళ్ళు చూపించి, నా ముఖంలోకి చూశాడు.

చెప్పాల్సింది ఎంతో ఉంది. ఒక్క మాట పెగలలేదు. నేనూ నాలుగు వేళ్ళు చూపించాను. అన్నయ్య బోటు మెట్టుమీద కూలబడి రెండు చేతుల్లో ముఖం దాచుకున్నాడు. నేను వెళ్ళి ఆయన పక్కన కూర్చున్నాను.