వేడి ముక్క

"మాంసం మీద కోపం చూపించకూడదమ్మాయ్, వీపు రుద్దినట్టు నెమ్మదిగా రుద్దాలి" అంది అత్తయ్య, కట్టు కట్టిన కుడిచేతిని ఒళ్ళో పెట్టుకుని వంటింట్లో స్టూలు మీద కూర్చుంటూ.

కోడలికి నవ్వొచ్చింది. వీపులు రుద్దడం ఆమె ఉద్యోగమే మరి. ఎముకల ఆసుపత్రిలో ఫిజియోథెరపిస్టు. పట్టేసిన భుజాలూ, బిగుసుకుపోయిన నడుములూ, ఆపరేషన్ అయ్యాక మంచం దిగమని మొండికేసే మోకాళ్ళూ ఆమె చేతుల మీదుగానే మళ్ళీ దారిలో పడతాయి. నెలల తరబడి ఆమె భుజం పట్టుకుని నడక నేర్చుకున్న మనిషి చివరి రోజున స్వీట్ల డబ్బాతో వచ్చి, "సర్జన్‌గారు ఏ గదిలో ఉంటారమ్మా?" అని ఆమెనే దారి అడుగుతాడు. ఆమె చూపిస్తుంది. మొదట్లో మనసు చివుక్కుమనేది. ఇప్పుడు అలవాటైపోయిందని తనకు తనే చెప్పుకుంటోంది.

అత్తయ్య చేతికి ఆ కట్టు కట్టింది కూడా ఆమే. బొటనవేలి మొదట్లో నరం వాచి, గరిట పట్టుకుంటే ప్రాణం పోతోందని చెప్పడానికి కూడా అత్తయ్య మొహమాటపడింది. "పిండటం, తరగటం, తోమటం, మూడూ మానెయ్యాలి. లేకపోతే బొటనవేలు మళ్ళీ మామూలుగా వంగదు" అంది కోడలు. "అయితే ఇంక నేనుండి ఏం లాభమే?" అంటూ అత్తయ్య నవ్వేసింది. ఆ నవ్వు కోడలికి నచ్చలేదు.

అందుకే ఈ ఆదివారం చేతులు కోడలివి, నోరు అత్తయ్యది. మామయ్యగారి స్నేహితులు భోజనానికొస్తున్నారు. వాళ్ళొచ్చేది భోజనానికి కాదు, ఆయన బొగ్గుల మీద కాల్చే మెక్సికో మాంసానికి. ఆ ముక్క నోట్లో వేసుకుంటే వెన్నలా కరుగుతుందని ఊరంతా చెప్పుకుంటారు. స్నేహితులు ఆయనకి 'నిప్పుల దొర' అని పేరు కూడా పెట్టారు.

గిన్నెలో నిమ్మరసం, దానికి రెట్టింపు నారింజరసం, నలిపిన వెల్లుల్లి, కాడలతో సహా తరిగిన కొత్తిమీర, వేయించి దంచిన జీలకర్ర, నానబెట్టి నూరిన ఎండుమిరప, ఉప్పు, కాస్త నూనె. పెద్దమాంసంలో పొట్ట దగ్గరి పలుచటి పలకలే దీనికి కావాలి. అత్తయ్య ఎడంచేతి వేలితో పులుసు నాకి, కళ్ళు మూసుకుని, "ఇంకొంచెం నారింజ" అంది. కోడలు పిండింది. రుచి నిజంగానే మారిపోయింది.

"పొద్దున కలిపితే మధ్యాహ్నానికి పొయ్యెక్కాలి. రాత్రంతా నిమ్మరసంలో ఉంచావనుకో, పాలిపోయి పిండిపిండిగా అయిపోతుంది. అతిగా గారం చేసిన మొగపిల్లాడు చూడు, అలాగన్నమాట."

"మీ అబ్బాయిని రాత్రంతా ఉంచారా అత్తయ్యా?"

"నోర్ముయ్" అంది అత్తయ్య, పకపకా నవ్వుతూ.

ఈ వంట అత్తయ్యకి నేర్పింది పూర్వం పై వాటాలో అద్దెకున్న మెక్సికో ఆవిడ. "ఆవిడ భాష నాకు రాదు, నా భాష ఆవిడకి రాదు. ముక్క నా నోట్లో పెట్టి నా మొహం చూసేది. ఉప్పు తక్కువైతే నేను చెప్పకుండానే తెలిసిపోయేది." మామయ్యగారు బయట చెప్పే కథ వేరు. ఆయనకి ఉద్యోగంలో ఉన్నప్పుడు ఎవరో మెక్సికో అతను నేర్పాడట. ఆ కథలో మనిషి మొదట్లో గుమాస్తా, తర్వాత ఇంజనీరు, ఈమధ్యే చీఫ్ ఇంజనీరయ్యాడు. అత్తయ్య ఏటేటా వంటింట్లోంచి అతగాడి ప్రమోషన్లు వింటూనే ఉంది.

అసలు కిటుకు ఇంకోటి ఉంది. పెరట్లో కాలిన మాంసం లోపలికొస్తుంది. కాసేపు దాన్ని కదిలించకుండా ఉంచి, కండలోని నార ఎటు పరుగెడుతోందో చూసి, దానికి అడ్డంగా పలుచగా కోసి పంపుతుంది అత్తయ్య. నిలువుగా కోస్తే అదే ముక్క చెప్పు తోలు. బయట చప్పట్లు మోగే వేళకి ఆమె రొట్టెలు కాలుస్తూ ఉంటుంది. తీరిగ్గా కూర్చునేసరికి పళ్ళెంలో మిగిలేవి చల్లారిన అంచులే. కష్టమొకరిది, పేరొకరిది అనడానికి కూడా ఆమెకి ఎప్పుడూ తీరలేదు. ఇంత చేసీ ఈవిడ నోటివెంట ఒక్క చేదుమాట రాదేమిటా అని కోడలికి ఆశ్చర్యం. ఆ ఆశ్చర్యంలో గౌరవం ఎక్కువే, కోపమూ లేకపోలేదు.

మధ్యాహ్నం పెరట్లో బొగ్గులు ఎర్రబడ్డాయి. పట్కారు పట్టుకుని మామయ్యగారు చెమటలు కక్కుతూ, జోకులు వేస్తూ, కుర్రాడిలా మెరిసిపోతున్నారు. చుట్టూ కాంట్రాక్టరు, పళ్ళ డాక్టరు, వాళ్ళ భార్యలు. మొదటి పలక దిగగానే ఆయనకి ఉత్సాహం ఆగలేదు. భార్య చెయ్యి బాగాలేదన్న సంగతి గుర్తొచ్చిందో ఏమో, "లోపలికెందుకు, నేనే కోస్తా" అంటూ కత్తి తీసుకుని పొగలు కక్కుతుండగానే బరబరా నిలువునా కోసేశారు.

అందరూ నమలడం మొదలెట్టారు. నములుతూనే ఉన్నారు.

"ఇలా అయితే రేపటినుంచి నాకు గిరాకీ పెరుగుతుంది" అన్నాడు పళ్ళ డాక్టరు, దవడ పట్టుకుని.

"మాంసం కొట్టువాడు ముదురుది అంటగట్టాడు" అన్నారు మామయ్యగారు. ఆయన మొహం వాడిపోయింది.

రెండో పలకని పళ్ళెంలో పెట్టుకుని కొడుకు గబగబా వంటింట్లోకి వచ్చాడు. "ఇది నువ్వు కోసిచ్చెయ్" అన్నాడు భార్యతో, గొంతు తగ్గించి. "అమ్మ ఎలా కోస్తుందో చూశావుగా. బయట ఎవరికీ తెలియక్కర్లేదు, నాన్న పరువు పోతుంది. ఇంకమీదట ఇది నువ్వే చూసుకోవాలి."

ఇంకమీదట. ఆ మాట దగ్గర ఆమె ఆగిపోయింది. అత్తా ఒకింటి కోడలే అంటారు. ఈ స్టూలు, ఈ చెక్క పలక, చల్లారిన ఈ అంచులు వరసగా తన ఒళ్ళోకి వస్తున్నట్టనిపించింది. పేరు సర్జన్‌గారికి, భుజం తనకి. అక్కడా ఇదే, ఇక్కడా ఇదే.

"దాన్నెందుకు కంగారు పెడతావురా, ఇటివ్వు" అంటూ అత్తయ్య లేచింది. ఎడంచేత్తో కుడిచేతి కట్టు విప్పుకోవడం మొదలెట్టింది. ఆయన పరువు కోసం ఆ వాచిన బొటనవేలితో కత్తి పట్టడానికి సిద్ధమైపోయింది, అదేదో మామూలు సంగతైనట్టు.

"ఆ కట్టు మీద చెయ్యి వేశారంటే ఊరుకోను" అంది కోడలు. పళ్ళెం, చెక్క పలక, కత్తి మూడూ తీసుకుంది. "రండి అత్తయ్యా."

"ఎక్కడికే?"

"పెరట్లోకి."

భర్త ఏదో అనబోయాడు. ఆమె అప్పటికే గుమ్మం దాటింది. అందరి మధ్యా ఉన్న బల్ల మీద చెక్క పలక పెట్టి, మాంసాన్ని దాని మీదికి మార్చి, కాసేపు అలాగే వదిలేసింది. వెనకాలే వచ్చిన అత్తయ్యని కుర్చీలో కూర్చోబెట్టింది. ఆ తర్వాత కత్తి తీసుకుని, అందరికీ వినబడేలా అడిగింది.

"ఎటు కోయాలో చెప్పండి అత్తయ్యా."

తెలియక కాదు. మనిషి ఒంట్లో ప్రతి కండా ఎటు పరుగెడుతుందో కళ్ళు మూసుకుని చెప్పగలదామె. ఆ అడగడమే ఆమెకి కావాలి.

అత్తయ్య భర్త వంక చూసింది. ఆయన నిప్పుల వంక చూస్తున్నారు. ఆవిడ గొంతు సవరించుకుంది. "ఆ గీతలు కనిపిస్తున్నాయా? అదే నార. దానికి అడ్డంగా. కత్తి కొంచెం వాల్చు. ఊఁ, ఇంకా పలుచగా." మొదట మెల్లిగా వచ్చిన గొంతు, నాలుగు ముక్కలు తెగేసరికి పెరడంతా వినబడింది. కాంట్రాక్టరు భార్య కుర్చీ దగ్గరికి జరుపుకుంది. "మరి నానబెట్టడం ఎలా వదినగారూ?" అని అడిగింది. అత్తయ్య చెప్పింది, పై వాటా ఆవిడతో సహా. చీఫ్ ఇంజనీరు ఊసు ఎవరూ ఎత్తలేదు.

"వెన్న!" అన్నాడు పళ్ళ డాక్టరు, చెయ్యి చాపి ఒక ముక్క అందుకుని. "ఇన్నేళ్ళూ మేం తిన్నది మీ చేతి పనన్నమాట!"

కోడలు నడిమి ముక్క తీసి, పొగలు పోకముందే అత్తయ్య నోటికి అందించింది. అత్తయ్య తీరిగ్గా నమిలింది. అందరూ ఆమె మొహమే చూస్తున్నారు. పూర్వం ఆ పై వాటా ఆవిడ కూడా ఇలాగే చూసి ఉంటుందనుకుంది కోడలు.

"ఏవండీ" అంది అత్తయ్య చివరికి, భర్తతో. "నేనెప్పుడూ చల్లారాకే తినడంవల్ల ఇన్నాళ్ళూ తెలియలేదు. మీరు ఎక్కువ కాలుస్తున్నారు."

అని, బాగున్న ఎడంచెయ్యి పట్కారు కోసం చాపింది.