ఇరవై మూడు సంతకాలు, ఒకే చెయ్యి

నా సంతకం దొంగ సంతకమట! ఆ మాట వినగానే అరికాలి మంట నెత్తికెక్కింది.

యాభై ఎనిమిదేళ్లొచ్చేదాకా వేలిముద్ర వేసినదాన్ని. ఆసుపత్రి లాండ్రీలో దుప్పట్లు ఇస్త్రీ చేస్తాను. పని దిగాక, ఆ దుప్పట్లు మడతపెట్టే బల్ల దగ్గరే మా ఇరవై మూడు మందికీ టీచరమ్మ చదువు చెప్పింది. ఆమె ఒక సేవా సంస్థ మనిషి. పథకం సర్కారుది. ఏడాది గడిచినా విద్యాశాఖవాళ్లు సంస్థకు పైసా విదల్చలేదు, టీచరమ్మకు జీతం లేదు. అయినా ఒక్క రోజు మానలేదు, పిచ్చితల్లి.

చివరికి సంస్థ కోర్టుకెక్కింది. శాఖవాళ్లు మా హాజరుపట్టీ చూపించి, "చదువూ లేదు, సంధ్యా లేదు. ఈ సంతకాలన్నీ ఒక్కలాగే ఉన్నాయి, టీచరే పెట్టుకుంది" అన్నారు. కేసు ఓడితే మా తరగతి మూతబడుతుంది. టీచరమ్మకు దొంగ అన్న పేరు మిగులుతుంది.

తప్పు మాదే. టీచరమ్మ ఎవరి పేరు రాసి చూపించినా కింద ఒక గీత గీసి, రెండు చుక్కలు పెట్టేది. అది ఆమె అలవాటు. మేమేమో అవీ పేరులో భాగమే అనుకున్నాం. చుక్కలు మరిచిపోయినవాళ్లని పట్టుకుని తిట్టాం కూడా!

విచారణ రోజు అందరం సెలవు పెట్టి వెళ్లాం. జడ్జిగారు తన ఎదుటే అందరిచేతా సంతకాలు పెట్టించారు. ఇరవై మూడు గీతలు, నలభై ఆరు చుక్కలు. ఆయన నవ్వు ఆపుకోలేక కళ్లద్దాలు తుడుచుకున్నారు.

శాఖ లాయరు ఊరుకుంటేనా! "బట్టీ పట్టించి తీసుకొచ్చారండీ. సంతకం తప్ప వీళ్లకి ఒక్క ముక్క రాదు" అన్నాడు.

"ఎన్ని ముక్కలు కావాలి నాయనా నీకు?" అన్నాను.

జడ్జిగారు నాకు కాగితం ఇప్పించారు. "మీకు తోచింది రాయండమ్మా."

కలం పట్టుకున్నానే గానీ ఏం రాయాలో తోచలేదు. వెనక నుంచి, మాతోపాటే చదువుకునే మా తోడికోడలు, "కానివ్వక్కా, రోజూ నన్ను తిట్టడానికి మాటలు ఎక్కణ్ణుంచి వస్తాయి నీకు?" అంది. నవ్వొచ్చింది. రాశాను.

కాగితం అందుకుని జడ్జిగారు చదవబోయారు.

"ఆగండి బాబూ! రాసింది నేను, చదివేదీ నేనే."

కోర్టంతా గొల్లున నవ్వింది. ఆయన కాగితం నాకే తిరిగిచ్చారు. వేలు పెట్టుకుని, కూడబలుక్కుంటూ చదివాను.

"మందు సీసా మీద ఏముందో ఇదివరకు పక్కింటివాళ్లని అడిగేదాన్ని. ఇప్పుడు నేనే చదువుకుంటున్నా. మా టీచరమ్మ దొంగ కాదు. ఆమె జీతం ఆమెకివ్వండి."

టీచరమ్మ రెండు చేతుల్లో మొహం దాచుకుంది.

మేమే గెలిచాం! రెండో నెల తిరక్కుండా టీచరమ్మ జీతం చేతికందింది, తరగతి నిలబడింది. తీర్పు నకలు వచ్చిన రోజు ఆమె చదివి వినిపిస్తానంటే మేం ఒప్పుకోలేదు. బల్ల మీద పరిచి, తలా ఒక వాక్యం చదివాం. కోర్టు భాష కొరకరాని కొయ్య! తొమ్మిది పేజీలకు నాలుగు సాయంత్రాలు పట్టింది.

ఏడో పేజీలో ఉంది: "సాక్షి తాను రాసినది తానే చదివి వినిపించినది." ఆ వాక్యం నిజానికి మా తోడికోడలి వంతు. లాక్కుని నేనే చదివాను. రెండుసార్లు. "చాల్లే అక్కా, మాకూ మిగల్చు" అంటే, మూడోసారి కూడా చదివాను.