జడ్జిగారు అడగని ప్రశ్న

మా తమ్ముడు ఓరిన్‌కి శిక్ష వేసిన రోజు జడ్జి విథమ్‌గారు ఒక ప్రశ్న అడగలేదు. వాడి మీద ప్రేమతోనే అడగలేదు. ఆ సంగతి కోర్టు హాల్లో ఉన్న అందరికీ తెలుసు కాబట్టి అది తప్పని ఎవరికీ తోచలేదు.

ఓరిన్‌కి నత్తి. మాట మొదట్లోనే గొంతు పట్టేస్తుంది. చిన్నప్పటినుంచీ వాడి తరఫున మాట్లాడేది నేనే. దుకాణంలో వాడికేం కావాలో అడిగింది నేను. బళ్లో వాడికి పాఠం వచ్చునని టీచరుకు చెప్పింది నేను. వాడికి పెళ్లి కాకపోవడానికి కూడా నేనే కారణమని మా పిన్ని అంటుంది. ఓ అమ్మాయి ఏదో అడిగితే వాడు నోరు తెరిచేలోపు నేనే జవాబు చెప్పేశానట. ఆ మాట వచ్చినప్పుడల్లా ఓరిన్ నవ్వుతాడు. నేనూ నవ్వుతాను.

వాడు చేసిన నేరం దాచేదేం కాదు. ఏప్రిల్‌లో ఓ తెల్లవారుజామున డెల్మాంట్ కార్వర్ బోటు లంగరు వేసిన చోటే మునిగిపోయింది. అడుగున సముద్రపు నీళ్లు లోపలికి తెచ్చే గొట్టం ఎవరో కోసేశారు. మధ్యాహ్నానికల్లా ఓరిన్ తనే షెరీఫ్ ఆఫీసుకి వెళ్లి కత్తి బల్లమీద పెట్టాడు. ఎందుకు చేశావని అడిగితే మాత్రం పలకలేదు.

వాడు పలకకపోయేసరికి ఆ కారణాన్ని రేవే చెప్పింది. మా దగ్గర లాబ్‌స్టర్ అనే పెద్ద రొయ్యల్ని బోనులతో పట్టేవాళ్లకి సముద్రం మీద కూడా హద్దులున్నాయి. అవి ఏ కాగితం మీదా ఉండవు. ఒకడి నీళ్లలో ఇంకొకడు బోను దింపితే, ముందు ఆ బోను తాడుకి రెండు ముళ్లు వేసి వదిలేస్తారు. అది హెచ్చరిక. వినకపోతే తాడు కోసేస్తారు, బోను అడుగునే ఉండిపోతుంది. ఆ వసంతంలో ఓరిన్ తాళ్లకి ముళ్లు పడ్డాయి. తర్వాత కొన్ని తాళ్లు తెగాయి కూడా. డెల్మాంటే చేశాడని అందరూ అన్నారు. బళ్లో ఇద్దరూ ఒకే బెంచీలో కూర్చున్నవాళ్లు, చివరికి హద్దుల దగ్గర ఇలా అయిపోయారే అని బాధపడ్డారు కూడా.

నేనూ అలాగే నమ్మాను. శిక్ష వేసే రోజున లేచి అదే చెప్పాను. తెగిన తాళ్ల గురించి, పోయిన బోనుల గురించి, వాడు ఎంత ఓర్చుకున్నాడన్న దాని గురించి. విథమ్‌గారు శ్రద్ధగా విన్నారు. ఆయన కుర్రతనంలో వేసవి సెలవుల్లో మా నాన్న బోటు మీద పనిచేసి, ఆ సంపాదనతో లా చదువుకున్నవాడు. ఓరిన్‌ని భుజం మీద ఎత్తుకుని తిప్పినవాడు.

“బాగా చెప్పావు వెర్నా” అన్నారు. తర్వాత ఓరిన్ వైపు చూసి, గొంతు తగ్గించి, “నిన్ను ఇబ్బంది పెట్టను ఓరిన్. నీ మాట మీ అక్క చెప్పేసింది కదా” అన్నారు.

ఓరిన్ తల వంచుకున్నాడు. అది కృతజ్ఞత అనుకున్నాను.

“రేవులో యుద్ధం ఒక బోటుతో ఆగదు. అందరికీ తెలిసేలా ఆపాలి” అని చెప్పి, విథమ్‌గారు తొమ్మిది నెలల జైలు వేశారు. అంటే ఒక సీజనంతా పోయినట్టే.

వారం తిరక్కుండా పోర్ట్‌లాండ్ నుంచి థియా పామర్లో అనే లాయరు వచ్చింది. అప్పీళ్లు చూడటానికి ప్రభుత్వం ఇచ్చిన లాయరు. జైలుకి వెళ్లే తేదీ దాకా ఓరిన్ బెయిలు మీద ఇంట్లోనే ఉన్నాడు. మేమిద్దరం వంటింట్లో కూర్చుని బోను నోటికి కట్టే వల అల్లుతున్నాం. ఆవిడ బ్లూబెర్రీ పళ్లు పెట్టి కాల్చిన పై ముక్క తింటూ అసలు సంగతి చెప్పింది.

“శిక్ష వేసేముందు, చెప్పుకునేది ఏమైనా ఉందా అని జడ్జి ముద్దాయినే అడగాలి. లాయర్ని కాదు, బంధువుల్ని కాదు, అతన్నే. రాష్ట్రం నియమాల్లో అలా రాసుంది. మిమ్మల్ని అడగలేదు. దీనిమీద అప్పీలుకు వెళ్దామా?”

“వెళ్దామండీ. తప్పకుండా వెళ్తాం” అన్నాను.

“నేను అడిగింది మిమ్మల్ని కాదు” అంది థియా, నోట్లో పై ముక్క పెట్టుకునే.

ఓరిన్ చేతిలో అల్లిక ఆగిపోయింది. వాడి కళ్లలో ఒక అల్లరి మెరుపు కనిపించింది. చాలా కాలం తర్వాత చూశాను దాన్ని.

“అ-అడిగితే మాట్లాడి తీరాలా?” అన్నాడు.

“అక్కర్లేదు. లేదని తల ఊపినా చాలు. కానీ అడగటం మాత్రం ఆయన అడిగి తీరాలి.”

“తల ఊపడానికి అంతదూరం తీసుకెళ్లడమెందుకండీ వీణ్ణి?” అన్నాను నేను. జైలు తగ్గుతుందన్న ఆశ నాకుంది. కానీ ఆ హాల్లో అందరి ముందూ వాడి గొంతు బిగుసుకుపోతుంటే చూడాల్సి వస్తుందన్న భయం అంతకంటే పెద్దది.

ఓరిన్ అల్లుతున్న వలని బల్లమీద పెట్టాడు. “ఆ రోజు న్-నేను సిద్ధపడే వచ్చాను” అన్నాడు.

నాకర్థం కాలేదు. వాడు మెల్లగా, మాట మాటకీ ఆగుతూ చెప్పాడు. శిక్షకు ముందు వారమంతా బోటులో ఒంటరిగా సాధన చేశాడట. సముద్రపు పిట్టలకి ఉపన్యాసం ఇచ్చాడట. విథమ్‌గారు అడుగుతారని అప్పటి లాయరు ముందే చెప్పాడట. కోర్టులో వాడు ఆ ప్రశ్న కోసమే ఎదురుచూస్తూ నిలబడ్డాడు. అది రాలేదు.

“ఏం చెబుదామనుకున్నావురా?” అన్నాను.

“అది అ-అడగాల్సింది ఆయన” అన్నాడు.

ఆ రాత్రి నాకు నిద్ర పట్టలేదని చెప్పను, బాగానే పట్టింది. తర్వాతి నెలల్లో మాత్రం ఒకటే ఆలోచించాను. వాడు మాట మధ్యలో ఆగినప్పుడు నాకేమవుతుంది? వాడి గొంతు ఎక్కడ బిగుసుకుంటుందో నా గొంతూ అక్కడే బిగుసుకుంటుంది. ఊపిరాడదు. మాట అందిస్తాను. అందించగానే ప్రాణం తెరిపినపడుతుంది. వాడి ప్రాణం అనుకునేదాన్ని. చూస్తే నాదే. వాడు ఆ మాటని మింగి, నా మాటే తనదన్నట్టు తల ఊపి, ఇంకో వాక్యం వెతుక్కునేవాడు. ఇన్నేళ్లుగా వాడు ఎన్ని వాక్యాలు అలా నాకు వదిలేసి ఉంటాడు?

చలికాలంలో పైకోర్టులో వాదనలు జరిగాయి. ఓరిన్ బెయిలు మీదే ఉన్నాడు. ఇద్దరం వెళ్లి వెనక కూర్చున్నాం. ప్రభుత్వం తరఫు లాయరు మర్యాదస్తుడే. “నియమం తప్పింది నిజమే. కానీ దానివల్ల నష్టమేముంది? ఆయన చెప్పవలసింది ఆయన అక్కగారు చక్కగా చెప్పారు. అడిగినా కొత్తగా చెప్పేదేం లేదు” అన్నాడు.

మధ్యలో కూర్చున్న న్యాయమూర్తి, నెరిసిన జుట్టావిడ, ముందుకు వంగింది. “అడక్కుండా మీకెలా తెలిసిందండీ అది?”

ఆయన కాగితాలు తిరగేశాడు. ఓరిన్ నన్ను మోచేత్తో పొడిచాడు. “న్-నిన్నే అడుగుతోంది” అన్నాడు చెవిలో. నవ్వు ఆపుకోలేక మఫ్లరు నోట్లో కుక్కుకున్నాను.

కొన్నాళ్లకి తీర్పొచ్చింది. శిక్ష రద్దు. మళ్లీ కింది కోర్టుకే పంపారు, అడిగి, విని, కొత్తగా వేయమని. జడ్జి విథమ్‌గారే.

మార్చిలో కోర్టుకి వెళ్లాం. రోడ్డు పక్క మంచు ఇంకా నల్లగా గడ్డకట్టి ఉంది. వెనక బెంచీలో డెల్మాంట్ ఉన్నాడు, టోపీ మోకాలి మీద పెట్టుకుని. బోటు పోగొట్టుకున్నవాడిగా వాడికి రావడానికి హక్కుంది. రేవువాళ్లు సగంమంది వచ్చారు.

విథమ్‌గారు కళ్లద్దాలు సర్దుకున్నారు.

“ఓరిన్, పోయినసారి నేను నిన్ను అడగలేదు. నీకు కష్టం తప్పిస్తున్నాననుకున్నాను. అది తప్పించే అధికారం నాకు లేదని పైకోర్టు చెప్పింది. నాకు కోపం రాలేదని అబద్ధం చెప్పను. రెండ్రోజులు వచ్చింది. మూడోరోజు వాళ్లు చెప్పింది సరైనదే అనిపించింది. ఇప్పుడు నిన్నే అడుగుతున్నాను. శిక్ష వేసేముందు నువ్వు చెప్పుకునేది ఏమైనా ఉందా?”

ఓరిన్ లేచాడు. “ఉందండీ” అన్నాడు.

స్టెనో వేళ్లు మీటల మీదికి వచ్చి ఆగాయి.

“నా తాళ్లకి ముళ్లు వేసింది డ్...”

అక్కడ పట్టేసింది. మెడ నరాలు తేలాయి. నా గొంతు బిగుసుకుంది. రెండు చేతులా బెంచీ పట్టుకున్నాను. అయినా నా పెదాలు నా మాట వినలేదు. “డెల్...” అని బయటికే వచ్చేసింది.

ఓరిన్ వెనక్కి తిరగలేదు. “వెర్నా, ఊరుకో” అన్నాడు. ఎక్కడా తట్టుకోకుండా అన్నాడు.

ఎవరో కిసుక్కుమన్నారు. విథమ్‌గారు గంభీరంగా, “నిన్ను పోయినసారి విన్నాం వెర్నా” అన్నారు. హాలంతా నవ్వింది. నా చెవులు వేడెక్కాయి. ఆ నవ్వు అయ్యేదాకా ఓరిన్ ఆగాడు. తర్వాత మళ్లీ అదే చోటినుంచి మొదలుపెట్టాడు.

“ముళ్లు వేసింది డ్... డ్... డెల్మాంట్ కాదు. తాళ్లు కోసింది కూడా వాడు కాదు. నాకు ముందే తెలుసు. వాడి ముడి నాకు తెలుసు. నేను చేసింది అందుకు కాదు.”

డెల్మాంట్ తల ఎత్తాడు.

“బళ్లో వాడి పేరు నాకు వ్-వచ్చేది కాదు. మాంట్ అను చాలు, అన్నాడు వాడే. ఇంకెవరూ అలా పిలవరు. నేనొక్కణ్ణే. వాడొక్కడే నేను ముగించేదాకా ఆగేవాడు. మా అక్క కూడా ఆగదు.”

స్టెనో అది కూడా కొట్టుకుంది.

“ఏప్రిల్‌లో పొగమంచులో, బండల దగ్గర నా ఇంజను ఆగిపోయింది. రేడియోలో పిలిచాను. భయంలో ఆ చిన్న పేరు కూడా సరిగ్గా రాలేదు. మ్-మ్-మాంట్, అన్నాను. వాడు రేడియోలోనే, మ్-మ్-మ్-మాంట్ పలుకుతున్నాడు, అన్నాడు. అన్ని బోట్లూ వింటున్నాయి. అందరూ నవ్వారు. వాడే వచ్చి తాడు కట్టి నన్ను లాక్కొచ్చాడు. లేకపోతే పోయేవాణ్ణే. తాడు విసిరేటప్పుడు కూడా నవ్వుతూనే ఉన్నాడు. ఇంకెవరు నవ్వినా నాకు... అలవాటే.”

చాలాసేపు ఆగాడు. మాట పట్టేసి కాదు. అది వేరే రకం ఆగడం. తేడా అప్పుడే మొదటిసారి తెలిసింది నాకు.

“బోటు ముంచడం తప్పు. జైలుకి వెళ్తాను. హద్దుల కోసం కొట్లాడినవాడిగా మాత్రం వెళ్లను. అంతేనండీ.”

కూర్చున్నాడు. చొక్కా వీపంతా తడిసిపోయింది.

విథమ్‌గారు కళ్లద్దాలు తీసి తుడుచుకున్నారు. ప్రభుత్వ లాయర్ని అడిగితే అదనంగా చెప్పేదేం లేదన్నాడు. డెల్మాంట్‌ని అడిగితే వాడు తల అడ్డంగా ఊపాడు.

“రేవు మొత్తానికి బుద్ధి చెప్పాలని నీకు అంత వేశాను ఓరిన్” అన్నారు విథమ్‌గారు. “లేని యుద్ధానికి నిన్ను జైలుకి పంపబోయాను. అయినా బోటు ముంచావు. ఒకడి బతుకుతెరువది. అది ఊరికే పోదు.” రెండు నెలలు వేశారు. వేసవికి బయటికొచ్చేస్తాడు. బోటు నష్టం కట్టాలన్నారు. తర్వాత గొంతు సవరించుకున్నారు. “దీనిమీద కూడా అప్పీలుకు వెళ్లే హక్కు నీకుంది. ఇది కూడా నీకు చెప్పి తీరాలి, నియమం.”

“వ్-వద్దండీ. ఈసారి అడిగారు కదా” అన్నాడు ఓరిన్.

వరండాలోకి వచ్చేసరికి డెల్మాంట్ కిటికీ దగ్గర నిలబడి ఉన్నాడు. అంత ఒడ్డూ పొడుగూ మనిషి, టోపీ రెండు చేతులతో నలుపుతున్నాడు. నేను ఓరిన్ పక్కనే ఉన్నాను. అనాల్సిన మాటలు నాలుగైదు నా నాలుక చివరే ఉన్నాయి, కొన్ని మంచివి, కొన్ని కావు.

“సరదాకి అన్నానురా” అన్నాడు డెల్మాంట్. “నువ్వు బతికే ఉన్నావని సంతోషంతో నోటికొచ్చింది వాగాను. ఇన్నాళ్లూ ఆ తాళ్ల గురించే అనుకున్నా. దేవుడి తోడు, నాకు తెలీదు.”

“త్-తెలుసు నీకు తెలీదని.”

“మళ్లీ మాంట్ అని పిలు. ఇంకెప్పుడూ అలా అనను.”

ఓరిన్ ఆలోచించాడు. “లేదు. పూర్తి పేరే అంటాను.”

“ఎందుకురా, అది నీకు కష్టం కదా!”

“అవును. నేను ముగించేదాకా న్-నువ్వు నిలబడాలి.”

డెల్మాంట్ టోపీ చంకలో పెట్టుకుని నిలబడ్డాడు. ఓరిన్ ఊపిరి తీసుకున్నాడు. వాడి గడ్డం బిగుసుకోవడం చూశాను. ట్రక్కు తాళాలు తీసుకుని నేను బయటికి నడిచాను.