కంటిపాపలో ఎవాసియో

మూకీ సినిమాల రోజుల్లో ఇటలీలోని ట్యూరిన్‌లో సినిమా తీయాలంటే సూర్యుడి దయ ఉండాలి. స్టూడియో పైకప్పంతా గాజే. మబ్బు పడితే రాజులూ రాణులూ కిరీటాలు పక్కన పెట్టి పేకాటకి కూర్చునేవాళ్లు. నేనక్కడ నటుల వెనక కట్టే తెరలకి రంగులేసేవాణ్ణి. నేను గీసిన సముద్రం ముందు నిలబడి హీరో, "ఈ గోధుమచేలో ఎలా మునగనయ్యా?" అని అడిగాడు. కాబట్టి కళ గురించి నా మాట నమ్మకండి. ఎవాసియో గురించి నమ్మండి.

ఏళ్ల తరబడి చిన్న వేషాల కోసం ఆ గాజు కింద నిలబడీ నిలబడీ ఎవాసియో ముఖంలోకి ఎండ ఇంకిపోయింది. తేరిపార చూస్తే ఎవరికైనా కళ్లంట నీళ్లు కారేవి. ఫిల్ములో ముఖం బదులు తెల్లమచ్చ పడేది. అందుకే దేవదూత, దెయ్యం, ఈ వేషాలే దక్కేవి. అద్దంలో అతనికీ వెలుగే కనిపించేది. గడ్డం తడుముకుంటూ గీసుకునేవాడు. తన ముక్కు ఎలా ఉంటుందో మర్చిపోయాడు. సినిమా హాల్లోకి రానిచ్చేవారు కాదు, తెర వెలిసిపోతుందని.

అతనికి గది అద్దెకిచ్చిన ఒనోరీనా, భర్త పోయిన మనిషి, బట్టలు కుట్టేది. అతనికి భోజనం పెట్టి, అటు తిరిగి కూర్చుని, ఆ వెలుగులోనే పని చేసుకునేది.

"కాస్త ఎడమకి జరుగుదురూ, సూదిబెజ్జం కనపడట్లేదు."

అతను జరిగేవాడు. ఆమె వీపు చూస్తూ పొలెంటా, అంటే మొక్కజొన్న సంకటి, తినేవాడు.

ఆ ఏడు డైరెక్టరు గ్రిబౌడో మాటిచ్చాడు. "చివరి సీన్లో రైలెక్కి వెళ్లిపోయే మొగుడివి నువ్వేరా. పొగలోంచి తీస్తా, వెలుగు తగ్గుతుంది. నీ ముఖం జనం చూస్తారు!"

సరిగ్గా అప్పుడే పొగమంచు దిగింది, కదలనంది. హీరోయిన్ డెల్ఫీనా మర్నాడు మిలాన్ వెళ్లిపోవాలి. ఆమె ఏడ్చే షాటు మిగిలిపోయింది.

"ఒరే, కెమెరా పక్కన నిలబడి ఆమె మీదకి ముఖం తిప్పు," అన్నాడు గ్రిబౌడో ఎవాసియోతో.

"మరి నా వేషం?"

"మా దగ్గరున్న సూర్యుడివి నువ్వొక్కడివే కదరా! మొగుణ్ణి వెనకనుంచి ఎవడితోనో కానిచ్చేస్తాం."

ఎవాసియో నిలబడ్డాడు. డెల్ఫీనా రెప్పవేయకుండా అతన్నే చూసింది. కన్నీళ్లు వాటంతటవే కారాయి. ఏం నటన అనుకుని నేను కూడా ఏడ్చాను.

సినిమా వచ్చిన రోజు ఒనోరీనా లోపలికెళ్లింది. అతను బయట మంచులో నిలబడ్డాడు. ఆట వదలగానే ఆమె గబగబా వచ్చింది.

"పెద్ద ముక్కే," అంది.

"ఎవరిది?"

"మీదే. ఆ పిల్ల కళ్లు తెరంతా పరిచారు. రెండు కంటిపాపల్లోనూ మీరున్నారు, ఇంత చిన్నగా, వెలుగు తగ్గి. గడ్డం మీద సొట్ట కూడా ఉంది. ఆ పిల్ల ఏడుస్తోందని జనం చీదేస్తున్నారు గానీ, ఏడుపు ఆపుకుంటున్నది మీరు."

అతను గడ్డం తడుముకున్నాడు. సొట్ట ఉంది.

మర్నాడు సాయంత్రం ఒనోరీనా గ్రహణం చూడ్డానికి చేసినట్టు గాజుముక్కకి కొవ్వొత్తి మసి పట్టించింది. కుర్చీ ఇటు తిప్పి ఎదురుగా కూర్చుంది. కుట్టుపని ముట్టలేదు. గాజు కంటికి అడ్డం పెట్టుకుంది.

"చల్లారిపోతోంది, తినండి," అంది. "ఇటు చూస్తూ తినండి."