యాభై మంది గొంతు

తలుపు పిడి ఊడి చేతిలోకి వచ్చేసరికి మైకక్క ముందు నవ్వింది.

మరుక్షణం, తలుపు అవతల ఇనుప ముక్కేదో జారి నేల మీద పడ్డ అదురు ఆమె అరచేతికి తెలిసింది. చప్పుడు మాత్రం వినిపించలేదు. ఆ గదిలోకి బయటి చప్పుడు రాదు, లోపలి చప్పుడు బయటికి పోదు. అందుకోసమే కట్టిన రికార్డింగు గది అది.

అప్పుడు ఆగింది నవ్వు.

పిడి వారం నుంచీ వదులుగానే ఉంది. "రేపు బిగించేస్తానక్కా" అంటూనే ఉన్నాడు రికార్డింగు చేసే పాముచెవులు. ఆ రేపు ఇంకా రాలేదు. పిడి లోపలుండే కడ్డీ కాస్తా అవతలి పిడితో కలిసి బయట పడిపోయింది. తలుపులో మిగిలింది చిటికెన వేలు పట్టేంత చదరపు కన్నం. వేలు పెట్టి తిప్పి చూసింది. గోరు విరిగింది తప్ప గొళ్ళెం కదల్లేదు.

ఆమె లేచి వచ్చింది సరదాకి కాదు. ఛాతీ పట్టేస్తోంది. ఇన్‌హేలర్ తలుపు బయట స్టూలు మీది సంచిలో ఉంది. ఫోనూ అందులోనే ఉంది.

ఆమె ఉబ్బసం సంగతి తెలిసిన కూతురు ఆ ఇన్‌హేలర్‌కు నల్లతాడు కట్టి మరీ మెడలో వేసింది. "స్నానానికి తప్ప తియ్యకమ్మా, నా మీద ఒట్టు" అంది. ఇంట్లో ఉన్నంతసేపూ ఒట్టు నిలబెట్టుకుంటుంది. స్టూడియోకి వచ్చాక మాత్రం తీసి సంచిలో పడేస్తుంది. ఊపిరి తీసినప్పుడల్లా అది బొత్తానికి తగిలి టిక్కుమంటుంది. ఆ టిక్కును మైకు పట్టేస్తుంది. మైకు వదిలేసినా పాముచెవులు వదలడు.

మైకక్క అని ఆమెకు పేరు పెట్టింది పాముచెవులే. అతనికి ఆ పేరు పెట్టి బదులు తీర్చుకుంది ఆమె. ఆమె ఈ గదిలో కూర్చుని చదువుతుంది. అతను వరండా అవతలి గదిలో హెడ్‌ఫోన్లు తగిలించుకుని, ఎదురుగా రాతప్రతి పెట్టుకుని అక్షరం అక్షరం వింటాడు. అతను మీట నొక్కి మాట్లాడితే ఆమె హెడ్‌ఫోన్లలో వినిపిస్తుంది. అతను కనిపించేలా వరండా వైపు గోడలో అద్దం ఉంది. వీధి మోత అద్దంలోంచి దూరుతోందని ఈమధ్యే దాని మీద మందపాటి కంబళి గుడ్డ అతికించారు. ఆ గుడ్డ రాల్చే నూగే ఇప్పుడు ఆమె ఊపిరితిత్తుల్లో కూర్చుంది. చదివేటప్పుడు ఏసీ ఆపేస్తారు కాబట్టి గాలి మారే దారీ లేదు.

ఇద్దరూ కలిసి చేస్తున్నది మాస్టారి నిఘంటువు. కళ్ళు కనిపించని పిల్లల కోసం ఇంగ్లిషు మాటలకు అర్థం, పుట్టుక, వాడుక వినిపించే నిఘంటువు. మాస్టారు వారానికోసారి వచ్చి, అయిన పని విని, తలాడించో తల బాదుకునో వెళ్తారు.

ఆమె గబగబా మైకు దగ్గరికి వచ్చి హెడ్‌ఫోన్లు తగిలించుకుంది.

"తమ్ముడూ! తలుపు పట్టేసింది. వచ్చి తియ్యి!"

ఆ మాట అరిచిన చోటే వచ్చింది చిక్కు.

ఆమె చదువుతున్న మాట 'స్టెంటోరియన్'. అర్థం చదివేసింది: మారుమోగే గంభీరమైన కంఠం గల. పుట్టుక చదివేసింది: ట్రాయ్ యుద్ధంలో గ్రీకుల తరఫున చాటింపు వేసిన స్టెంటర్ అనేవాడి గొంతు యాభై మంది గొంతులకు సమానం. ఇక మిగిలింది వాడుక. రాతప్రతిలో ఉదాహరణ ఇలా ఉంది: 'తలుపులు తెరవండి! అన్న దూత స్టెంటోరియన్ గొంతుకు కోటంతా ఉలిక్కిపడింది.'

హెడ్‌ఫోన్లలో చిన్న నవ్వు. "బాగుందక్కా. కానీ 'తమ్ముడూ' ఎక్కడిది? రాతప్రతిలో లేదే."

"ఉదాహరణ కాదురా! నిజంగానే! ఊపిరాడటం లేదు! తలుపు తియ్యి!"

"అబ్బో, పిల్లికూతలు కూడానా! ఆ స్టెంటర్‌కు ఉబ్బసం ఉన్నట్టు మాస్టారు ఎక్కడా రాయలేదక్కా!"

ఇది తను చేతులారా తెచ్చుకున్నది.

మాట ఏదైనా ఉదాహరణను నటించి చదవడం ఆమెకు అలవాటు. పిల్లలు వింటూ నవ్వాలి, భయపడాలి, అప్పుడే మాట గుర్తుంటుంది అంటుంది. పోయిన వారం 'పానిక్' వచ్చింది. పాన్ అనే అడవి దేవుడు కేక పెడితే మందలు కారణం లేకుండా బెదిరి చెల్లాచెదురయ్యేవట, ఆ బెదురుకే అతని పేరు నిలిచిపోయిందట. అంతా బుద్ధిగా చదివి, ఉదాహరణ దగ్గరికి రాగానే, "పొగ! ఊపిరాడటం లేదు!" అని కెవ్వుమంది. పాముచెవులు నిప్పు ఆర్పే డబ్బా భుజాన వేసుకుని తలుపు తన్నుకుంటూ వచ్చి, పీట మీద మఠం వేసుకుని కూర్చున్న ఆమె మీద తెల్లటి పొడి కుమ్మరించాడు. ఆ పరుగులో మాస్టారి టీ గ్లాసు మిషను మీద ఒలికింది. పూటంతా చేసిన రికార్డింగు పోయింది. చివాట్లు అతనికి పడ్డాయి.

"ఇంకోసారి ఎర్రదీపం వెలుగుతుండగా నీ తలుపు ముట్టుకుంటే నా చెవులు కోసేసుకుంటా" అన్నాడు ఆ రోజు. రికార్డింగు నడుస్తోందని చెప్పే ఆ ఎర్రదీపం వెలుగుతుంటే స్టూడియో యజమాని కూడా ఆ తలుపు జోలికి రాడు. అదిక్కడి కట్టుబాటు.

ఇప్పుడా దీపం వెలుగుతోంది.

"ఒట్టు తమ్ముడూ," అంది గుక్క తిప్పుకుంటూ. "నా కూతురి మీద ఒట్టు. పిడి ఊడిపోయింది."

"పోయినసారి మీ ఆయన మీద వేశావు. ఒక్కొక్కరినీ వరసపెట్టి తగలేస్తున్నావు కదక్కా." అతని గొంతు ఉల్లాసంగా ఉంది. "కానీ ఈసారి నిజంగా బాగా చేస్తున్నావ్. కానివ్వు, నేను కదలను. నీకే విసుగొచ్చి ఆపుతావు."

ఆమె పీట ఎత్తి తలుపుకేసి కొట్టింది. రబ్బరు పొరల తలుపు ఆ దెబ్బను దిండులా మింగేసింది. కంబళి గుడ్డ అతికించిన అద్దం మీద కొడితే నూగు మరింత లేచింది. ఆమె దగ్గింది. ఆ దగ్గు ఎంతకీ ఆగలేదు.

"అక్కా, దగ్గు కొంచెం ఎక్కువైంది. అతి చేయకు."

ఆమె మోకాళ్ళ మీద కూలబడింది. లోపలికి పోయే గాలి దారం అంత సన్నగా పోతోంది. చూపు అంచుల్లో నల్లటి చుక్కలు తేలాయి. ఇంకొక్క అరుపు అరుద్దామని నోరు తెరిచింది. ఎదురుగా బల్ల దీపం కింద రాతప్రతి కనిపించింది. ఇంకా చదవని కింది వరస:

'అరుపుల పందెంలో హెర్మిస్ దేవుడితో పోటీ పడి, ఓడి, స్టెంటర్ ప్రాణం విడిచాడని ఒక కథ.'

నోరు మూసుకుంది.

అరవకూడదు. అరిచేకొద్దీ ఊపిరి తరుగుతుంది, అరిచేకొద్దీ అతనికి నాటకం రక్తి కడుతుంది. ఏడ్చినా నటనే, ఒట్టేసినా నటనే. నిజం చెప్పడానికి ఆమె దగ్గర ఉన్న దారులన్నీ ఆమే వాడేసింది. మరి ఏం చేస్తే నమ్ముతాడు? తను ఎన్నడూ చేయనిదేదో చేయాలి. సరదాకైనా సరే చేయనిది.

ఆమెకు చప్పున మాస్టారి మాట గుర్తొచ్చింది. పని మొదలైన రోజున ఇద్దరినీ ఎదురుగా కూర్చోబెట్టుకుని చెప్పిన మాట. "ఉదాహరణను నీ ఇష్టం వచ్చినట్టు ఆడుకో అమ్మా, నాకు అభ్యంతరం లేదు. అర్థం మాత్రం ఒక్కటి కూడా తప్పకూడదు. చూపున్నవాడు ఇంకో పుస్తకం తీసి సరిచూసుకుంటాడు. ఈ పిల్లలకు నువ్వు చెప్పిందే పుస్తకం." ఆ రోజు నుంచి ఈ రోజు వరకూ ఆమె ఒక్క అర్థం కూడా తప్పు చదవలేదు. జ్వరంతో వచ్చిన రోజున కూడా. అది పాముచెవులుకు తెలిసినంతగా ఇంకెవరికీ తెలియదు.

బల్ల అంచు పట్టుకుని లేచింది. మైకుకు పెదవులు ఆనించింది. చప్పట్లు ఒక్కసారి చరిచింది. తిరిగి చదవబోతున్నానని అతనికి చెప్పే గుర్తు అది. చప్పట్లు కూడా చప్పగానే పలికాయి.

"స్టెంటోరియన్," అంది. గొంతు గుసగుసకన్నా సన్నగా వచ్చింది. "విశేషణం. అర్థం... ఎంత అరిచినా... ఎవరికీ వినబడని గొంతు గల."

హెడ్‌ఫోన్లలో కుర్చీ కిర్రుమంది.

"అక్కా, తప్పు చదివావు. మారుమోగే గంభీరమైన కంఠం. ఇందాక సరిగానే చదివావుగా, మళ్ళీ ఎందుకు?"

ఆమె మళ్ళీ చప్పట్లు చరిచింది.

"పానిక్. నామవాచకం. పాన్ అనే దేవుడు... మందలను జోకొట్టి... నిద్రపుచ్చేవాడు. అందుకే పానిక్ అంటే... నెమ్మది."

"ఏంటక్కా ఇది?" ఉల్లాసం పోయింది అతని గొంతులో. "అర్థాలతో ఆటలా? మాస్టారు వింటే... అక్కా?"

ఇంకో మాట చెబుదామనుకుంది. పెదవులు కదిలాయి కానీ గొంతు లేవలేదు. చేయి జారి రాతప్రతి కాగితాలు నేల మీద పరుచుకున్నాయి. మామూలుగా కాగితం గలగలమన్నా ఊరుకోని మనిషి ఆమె.

"అక్కా?"

ఆ తర్వాత హెడ్‌ఫోన్లు బల్ల మీద పడేసిన టప్పుమన్న చప్పుడు. ఆ తర్వాత ఏమీ లేదు.

తలుపు పైన ఎర్రదీపం ఆరిపోయింది.

వస్తున్నాడు. ఆమె పాకుతూ వెళ్ళి తలుపు పక్కన గోడకు చేరగిలబడి కూర్చుంది. రాకపోతే? వచ్చాడు కాబోలు, తలుపు సన్నగా అదిరింది. అవతల అతను ఏదో అరుస్తూ ఉండాలి, ఒక్క ముక్క వినిపించడం లేదు. ఆమె అరచేయి తలుపుకు ఆనించి ఉంచింది. అంతకన్నా చేయగలిగిందేమీ లేదు. పిడి వెతుకుతున్నాడు. స్టూలు కిందికి దొర్లి ఉంటుంది. దొరికిందా? కన్నంలోంచి కడ్డీ మొన కనిపించింది, తడబడింది, మళ్ళీ మాయమైంది. ఆమె కళ్ళు మూసుకుపోతున్నాయి. కడ్డీ మళ్ళీ వచ్చింది. తిరిగింది.

వీధి మోత అంతా ఒక్కసారిగా గదిలోకి విరుచుకుపడింది. బస్సు హారను, ఎవరిదో తగువు, ఎక్కడో సుత్తి దెబ్బలు. జన్మలో ఆమెకు అంత ముద్దొచ్చిన మోత ఇంకోటి లేదు.

"సంచి..." అంది. అనక్కర్లేకపోయింది. అతను అప్పటికే సంచిని నేల మీద బోర్లించాడు. ఇన్‌హేలర్ ఆమె నోటికి పెట్టి, నొక్కి, తన ఊపిరి కూడా బిగబట్టుకుని కూర్చున్నాడు. మళ్ళీ నొక్కాడు. పిల్లికూతలు మెల్లగా తగ్గుముఖం పట్టాయి. ఆమె ముఖానికి రంగు తిరిగి వచ్చింది. అతని ముఖం మాత్రం పాలిపోయే ఉంది.

"నన్ను తిట్టక్కా," అన్నాడు. "కొట్టినా పడతాను."

"ముందు పిడి బిగించు," అంది ఆమె. కొంచెంసేపాగి, "రేపు కాదు," అంది.

అతను ఏడ్చాడో నవ్వాడో అతనికే తెలియలేదు. "నమ్మాల్సింది కదా. అంతగా అరిచావు..."

"నేను నీ జాగాలో ఉంటే నేనూ నమ్మేదాన్ని కాదురా. ఎలా నమ్ముతావు? నిన్ను అంతలా తయారుచేసింది నేనే." ఇన్‌హేలర్ తాడు మెడలో వేసుకుంది. "మరి లేచి ఎందుకొచ్చావు?"

"నువ్వు ప్రాణం పోతోందని చెబితే రాలేదు," అన్నాడు తల దించుకుని. "అర్థం తప్పు చదివేసరికి భయమేసింది. నువ్వు చచ్చినా అర్థం తప్పు చదవవు కదా, ఏదో అయిందనుకున్నా."

మర్నాడు డాక్టరు దగ్గరికి వెళ్ళింది. ఆ మర్నాడు విశ్రాంతి. ఆ తర్వాత మాస్టారు వచ్చే రోజు వచ్చింది. పాముచెవులు ఆ రికార్డింగు చెరిపేయడం మరిచిపోయాడు. మాస్టారు జరిగింది తెలియకుండానే కుర్చీలో వెనక్కి వాలి, కళ్ళు మూసుకుని వినడం మొదలుపెట్టారు. పాముచెవులు ఆపబోతే ఆమె వద్దని సైగ చేసింది. తన అరుపు తనే వినడం అదే మొదటిసారి. "నిజంగానే! ఊపిరాడటం లేదు! తలుపు తియ్యి!" అది వింటుంటే ఆమె చెయ్యి దానంతటదే మెడలోని తాడు మీదికి పోయింది.

దగ్గు దాకా విని, అక్కడే ఆపమని సైగ చేసి మాస్టారు కళ్ళు తెరిచారు. మొహం చిట్లించారు.

"అమ్మా, ఏమనుకోకు. ఎప్పుడూ చక్కగా చేస్తావు. ఈ అరుపు మాత్రం సహజంగా లేదు. నాటకం తెలిసిపోతోంది. ఆ దగ్గు మరీ విడ్డూరం. స్టెంటోరియన్ అంటే గొంతులో ఠీవి ఉండాలి తల్లీ, ఈ గోల ఏమిటి? ఇంకోసారి చదువు."

ముందు ఆమెకే నవ్వొచ్చింది. తర్వాత పాముచెవులుకు. ఇద్దరూ పొట్టలు పట్టుకుని నవ్వుతుంటే మాస్టారు ఒకరి తర్వాత ఒకరిని చూస్తూ, "నేనేం అన్నానని?" అన్నారు అయోమయంగా. జరిగింది ఇద్దరూ చెప్పారు. ఆయన లేచి వెళ్ళి బిగించిన పిడిని తనే రెండుసార్లు తిప్పి చూసి వచ్చారు.

ఆ మాట మళ్ళీ చదవాలి. ఆమె గుమ్మం దాకా వెళ్ళి ఆగింది. లోపల పీట, బల్ల, దీపం అన్నీ యథాస్థానంలో ఉన్నాయి. కాళ్ళు మాత్రం కదలనంటున్నాయి.

"తలుపు వేయొద్దులే," అన్నాడు పాముచెవులు.

"వీధి మోత పడుతుంది."

"మరి?"

"వెయ్యి," అంది ఆమె. గట్టిగా ఊపిరి పీల్చుకుని లోపలికి నడిచింది. తలుపు మూసుకుంది. ఎర్రదీపం వెలిగింది. మెడలో తాడు తీయలేదు.

చప్పట్లు చరిచి మొదలుపెట్టింది. స్టెంటోరియన్. విశేషణం. మారుమోగే గంభీరమైన కంఠం గల. ఆమె ఊపిరి తీసినప్పుడల్లా ఇన్‌హేలర్ బొత్తానికి తగిలి టిక్కుమంది. ఆమెకే వినిపించింది. పాముచెవులుకు వినిపించకపోవడమన్నది జరిగే పని కాదు. మీట నొక్కి ఆపుతాడేమోనని ఒక్క లిప్తపాటు ఎదురుచూసింది.

ఆపలేదు.

ఆ నిఘంటువులో ఆ ఒక్క మాట దగ్గర ఇప్పటికీ ఆ టిక్కు ఉంది. అదేమిటని ఎవరైనా అడిగితే, తనకేమీ వినిపించడం లేదంటాడు పాముచెవులు.